డెడ్‌వుడ్: చట్టం కంటే ముందు పుట్టిన ఊరు

దక్షిణ డకోటాలోని బ్లాక్ హిల్స్‌కు వెళ్లే మన తెలుగు కుటుంబాల్లో చాలామంది మౌంట్ రష్‌మోర్ కొండపై చెక్కిన నలుగురు అధ్యక్షుల ముఖాలు చూసి, ఫోటోలు తీసుకుని తిరుగుముఖం పడతారు. మేము మాత్రం ర్యాపిడ్ సిటీ నుంచి ఉత్తరంగా స్టర్జిస్ మీదుగా డెడ్‌వుడ్‌కు వెళ్లాం. స్టర్జిస్ దాటగానే రోడ్డు లోయలోకి మలుపు తిరుగుతుంది. ఇరువైపులా పైన్ చెట్లు కమ్ముకున్న నిటారు కొండలు, నడుమ సన్నని వాగు, ఆ వాగు పక్కన మిగిలిన కాస్త చోటులోనే ఇరుకుగా పేర్చినట్టున్న ఊరు కనిపిస్తాయి. సేద్యానికి గానీ, పశువుల మేతకు గానీ, ఇళ్లు కట్టుకోవడానికి గానీ అనువైన స్థలం కాదది. వాగు ఇసుకలో బంగారం లేకపోతే అక్కడ ఎవరూ ఊరు కట్టి ఉండరు.

కట్టిన ఊరు కూడా ఆనాటి చట్టం ప్రకారం ఉండకూడనిదే. 1868లో ఫోర్ట్ లారమీ వద్ద కుదిరిన ఒప్పందంలో అమెరికా ప్రభుత్వం బ్లాక్ హిల్స్‌ను అక్కడి ఆదివాసులైన లకోటా ప్రజలకు, వారితో కలిసిన ఇతర సూ తెగలకు వదిలిపెట్టింది. 1874లో సైన్యాధికారి కస్టర్ నాయకత్వంలో సుమారు వెయ్యిమందితో వచ్చిన సైనిక బృందం ఫ్రెంచ్ క్రీక్ దగ్గర బంగారం ఆనవాళ్లు చూసింది. ఆ వార్త పత్రికలకు ఎక్కగానే జనం ఎగబడ్డారు. మొదట్లో సైన్యమే వారిని పట్టుకుని బయటికి పంపేది. 1875 చివరికి అధ్యక్షుడు గ్రాంట్ ప్రభుత్వం ఆ పనిని చడీచప్పుడు లేకుండా మానిపించింది. 1876 వసంతంలో డెడ్‌వుడ్ లోయలో గుడారాలు, పలకల గుడిసెలు వెలిశాయి. నెలలు తిరగకుండానే అక్కడ వేలమంది చేరారు. భూమికి పట్టా లేదు, పన్నుల్లేవు, పోలీసుల్లేరు. దుకాణాల్లో బంగారు రజను తూచి ఇస్తేనే సరుకు దొరికేది. ఆ సరుకైనా షయాన్, నెబ్రాస్కాలోని సిడ్నీ, ఫోర్ట్ పియెర్ వంటి చోట్ల నుంచి వందల మైళ్లు బళ్ల మీద రావలసిందే. ఊరికి రైలు వచ్చింది 1890లో.

ఇవాళ మెయిన్ స్ట్రీట్‌లో అడుగుపెడితే ఎటు చూసినా వైల్డ్ బిల్ హికాక్ పేరే. అతని పేరుతో మద్యశాలలు, బొమ్మలు, చొక్కాలు ఉన్నాయి. 1989 నుంచి ఇక్కడ జూదం చట్టబద్ధం కాబట్టి పాత కట్టడాల లోపల జూదపు యంత్రాలు మోగుతూ ఉంటాయి. పేరుమోసిన తుపాకీవీరుడైన హికాక్ ఈ ఊళ్లో బతికింది కొద్ది వారాలు మాత్రమే. 1876 ఆగస్టు 2న పేకాట బల్ల దగ్గర కూర్చుని ఉండగా జాక్ మెకాల్ వెనుక నుంచి తలలోకి కాల్చి చంపాడు. ఆ సమయంలో హికాక్ చేతిలో ఆసులు, ఎనిమిదులు ఉన్నాయన్న కథను గైడ్లు తప్పక చెబుతారు. నాకు మాత్రం హత్య కంటే ఆ తర్వాతి విచారణే ఆసక్తికరంగా తోచింది. న్యాయస్థానం లేని ఊళ్లో గని పనివాళ్లే జ్యూరీగా కూర్చున్నారు. హికాక్ తన అన్నదమ్ముణ్ణి చంపాడని మెకాల్ చెప్పిన మాట విని అతణ్ణి వదిలేశారు. కొంతకాలానికి ప్రభుత్వం అతణ్ణి మళ్లీ పట్టుకుని డకోటా టెరిటరీ రాజధాని యాంక్టన్‌లో విచారించింది. ఒకే నేరానికి రెండుసార్లు విచారణ కూడదన్న నియమం ఇక్కడ పనిచేయలేదు. డెడ్‌వుడ్ ఉన్నదే పరుల భూమిలో గనుక అక్కడ జరిగింది చట్టం దృష్టిలో విచారణే కాదు. 1877 మార్చి 1న అతణ్ణి ఉరితీశారు.

ఊరిని ఊరుగా నిలబెట్టినవాళ్లు వేరే ఉన్నారు. హికాక్ హత్యకు ముందురోజే కెనడాలో పుట్టిన సెత్ బుల్లక్, బవేరియా నుంచి వచ్చిన యూదు సాల్ స్టార్ ఇనుప సామాన్లతో దిగి కొట్టు తెరిచారు. బుల్లక్ 1877లో శాంతిభద్రతలు చూసే షెరీఫ్ అయ్యాడు. స్టార్ అనేక ఏళ్లు మేయరుగా ఉన్నాడు. 1879 సెప్టెంబరు 26న తెల్లవారకముందే ఒక బేకరీలో కిరసనాయిలు దీపం పడి మంటలు లేచాయి. అవి ఇనుప సామాన్ల కొట్టుకు పాకి తుపాకిమందు పీపాలు పేలడంతో సుమారు 300 కట్టడాలు బూడిదయ్యాయి. ఇప్పుడు మనం చూసి మెచ్చుకునే ఇటుక, రాతి కట్టడాలన్నీ దాని తర్వాతివే.

మెయిన్ స్ట్రీట్ దిగువ కొసన చైనావాళ్ల పేట ఉండేది. చాకిరేవులు, భోజనశాలలు, మందుల దుకాణాలు నడిపిన చైనీయులు ఊరికి తొలినుంచీ ఆధారం. 1876లో వచ్చిన ఫీ లీ వాంగ్ అక్కడ వింగ్ ష్వే పేరుతో పెద్ద వ్యాపారి అయ్యాడు. 1882లో చైనీయుల వలసను నిషేధించిన చట్టం వచ్చాక వారి సంఖ్య తగ్గుతూ పోయింది. ఆ వ్యాపారి కట్టడాన్ని 2005లో కూల్చేశారు. వారాలు మాత్రమే ఉన్న హికాక్‌కు వీధినిండా బోర్డులుండగా, దశాబ్దాలు ఊరికి వండిపెట్టి బట్టలుతికినవారికి ఇల్లొక్కటీ మిగలకపోవడం నాకు కష్టంగా అనిపించింది.

ఎగువ కొండమీది మౌంట్ మొరయా శ్మశానానికి ఎక్కేటప్పుడు కాళ్లు పీకుతాయి. హికాక్ సమాధి పక్కనే ఆ కాలంలో పేరుమోసిన స్త్రీ కలామిటీ జేన్‌ను 1903లో పాతిపెట్టారు. ఆ రెంటి చుట్టూ జనం ఎప్పుడూ ఉంటారు. యూదుల విభాగంలోనూ, చైనీయుల విభాగంలోనూ మాకు ఎవరూ ఎదురుకాలేదు. చైనీయుల సమాధుల్లో చాలావాటిని తర్వాత తవ్వి, అస్థికలను స్వదేశానికి పంపించారు. అస్థికలు సొంత నేలకు చేరాలన్న ఆరాటం మనవాళ్లకు విడమరచి చెప్పనక్కర్లేదు.

వాగు బంగారం త్వరలోనే అయిపోయింది. అసలు సంపద పక్క ఊరు లీడ్‌లో, 1876లోనే కనుగొన్న హోమ్‌స్టేక్ గనిలో ఉంది. మరుసటి ఏడు గనుల వ్యాపారి జార్జ్ హర్స్ట్ కొన్న ఆ గని 2002లో మూతపడేలోగా సుమారు 4 కోట్ల ఔన్సుల బంగారం ఇచ్చింది. దాని లోతు 8,000 అడుగులు. చిత్తూరు వైపు నుంచి ఎందరో కూలికి వెళ్లిన మన కోలార్ గనులూ దాదాపు అదే సమయానికి, 2001లో, మూతపడ్డాయి. రెండింటి అడుగునా 1960లలో శాస్త్రవేత్తలు న్యూట్రినోలనే అతిసూక్ష్మ కణాల కోసం పరికరాలు అమర్చారు. హోమ్‌స్టేక్‌లో ఇప్పటికీ భూగర్భ పరిశోధనశాల నడుస్తోంది.

ఇక భూమి సంగతి. పెద్దమగవారిలో నాలుగింట మూడువంతుల మంది సంతకం చేస్తే తప్ప నేల చేతులు మారకూడదని 1868 ఒప్పందంలోనే ఉంది. సంతకం చేసినవారు పదిశాతం దరిదాపుల్లో ఉండగానే 1877 ఫిబ్రవరిలో అమెరికా చట్టసభ కాంగ్రెస్ చట్టం చేసి బ్లాక్ హిల్స్‌ను తీసేసుకుంది. డెడ్‌వుడ్ ఆ విధంగా చట్టబద్ధమైంది. 1980లో అమెరికా సుప్రీంకోర్టు ఆ తీసుకోవడానికి పరిహారం చెల్లించాల్సిందేనని తీర్పునిచ్చింది. వడ్డీతో కలిపి 10 కోట్ల డాలర్లకు పైగా లెక్కతేలింది. కొండలు అమ్మకానికి లేవని, నేలే కావాలని సూ తెగలు ఆ సొమ్మును నిరాకరించాయి. ట్రెజరీ ఖాతాలో అది పెరుగుతూ 100 కోట్ల డాలర్లు దాటింది. మెయిన్ స్ట్రీట్‌లో వేసవిలో హికాక్ హత్యను, మెకాల్ విచారణను నటించి చూపిస్తారు. ఈ రెండో వ్యాజ్యాన్ని నటించేవారు మాకు కనిపించలేదు.