థంబ్ పడలేదు

మంగళవారం, రాత్రి 10.40

ఇవాళ మళ్లీ ఆఫీసులో హాజరు మెషీన్ నా వేలు తీసుకోలేదు. బొటనవేలు పెట్టాను, చూపుడువేలు పెట్టాను, కొంగుకి తుడుచుకుని మళ్లీ పెట్టాను. ఎర్రలైటే. వెనక ఆరుగురు నిలబడ్డారు. "కాస్త తడి చేసుకుని పెట్టండి మేడం" అన్నాడు అటెండరు కుర్రాడు, పాపం. అయిదోసారికి పడింది. ఆరు నిమిషాలు లేటు.

పనిమనిషి ఊరెళ్లి రెండు వారాలైంది, అంట్లన్నీ నేనే తోముతున్నాను. సబ్బుకీ పీచుకీ వేలిగీతలు అరిగాయి. పదిహేడేళ్లుగా అదే గుమ్మం దాటి వస్తున్నదాన్ని. నువ్వెవరో తెలీదన్నట్టు ఆ లైటు వెలిగితే మనసు చివుక్కుమంది.

సీట్లో కూర్చున్నాక తెచింగ్ షియే గుర్తొచ్చాడు. తైవాన్‌లో పుట్టి, నావికుడిగా వెళ్లి, 1974లో ఓడ దిగి అమెరికాలో ఉండిపోయిన కళాకారుడు. 1988 దాకా ఆయనకి అక్కడ కాగితాల్లేవు. హోటళ్లలో అంట్లు తోమి బతికాడు. అప్పట్లో శామ్ అని సంతకం పెట్టేవాడు. తనెవరో రుజువు చూపించలేని ఆ మనిషి ఒక టైమ్ క్లాక్ తెచ్చి న్యూయార్క్‌లో తన గదిలోనే పెట్టుకున్నాడు, ఫ్యాక్టరీల్లో హాజరుకి కార్డు పెడితే టైము కొట్టేది ఉంటుందే, అదే. 1980 ఏప్రిల్ 11 నుంచి సరిగ్గా ఏడాది పాటు, పగలూ రాత్రీ, గంటగంటకీ కార్డు పంచ్ చేశాడు. చేసిన ప్రతిసారీ సినిమా కెమెరాలో తనది ఒక్క ఫ్రేము. మొదలుపెట్టేముందు గుండు గీయించుకున్నాడు. ఆ ఫ్రేములన్నీ వరసగా తిప్పితే ఆరు నిమిషాలు. అదే యూనిఫాం, అదే నిలబడటం. మనిషి సన్నగా వణుకుతున్నట్టుంటాడు, పక్కన గడియారం ముళ్లు గిర్రున తిరుగుతుంటాయి, జుట్టు మాత్రం ఎవరి మాటా వినకుండా భుజాల దాకా దిగిపోతుంది.

8,760 గంటల్లో 133 తప్పిపోయాయి. అవీ దాచలేదు, కారణాలతో సహా లెక్క రాసిపెట్టాడు. నిద్రపట్టేసి 94, ఆలస్యమై 29, తొందరపడి ముందే కొట్టేసి 10. నాకు ఆయన మీద ప్రేమ పుట్టింది ఆ 94 దగ్గరే. అలారానికి లౌడ్‌స్పీకర్ తగిలించుకుని కూడా లేవలేనంత అలసట! పిల్లాడు పాలు తాగే రోజుల్లో నాకు తెలుసు ఆ నిద్ర.

మధ్యాహ్నం డబ్బా తింటూ లెక్క వేశాను. రోజుకో ఫ్రేము చొప్పున నన్నూ ఆ మెషీన్ దగ్గర తీసి ఉంటే? సినిమాలో సెకనుకి 24 ఫ్రేములు, ఏడాదికి 290 రోజులనుకున్నా పన్నెండు సెకన్లు. పదిహేడేళ్లకి మూడున్నర నిమిషాలు దాటదు. మెషీన్ దగ్గర నా టైములన్నీ ఉన్నాయి, మొహం ఒక్కటీ లేదు.

ఐడీ కార్డు తీసి చూశాను, చేరిన రోజు ఫొటో. నడుం దాకా జడ, పెద్ద బొట్టు. ఆ సినిమాలో మొదటి సెకను ఆ పిల్లది. మూడో ఏడు వచ్చేసరికి చీర కుచ్చిళ్లు ముందుకొస్తాయి, ఆ తర్వాత ఆర్నెల్లు నేనుండను. ఎనిమిదో ఏట టైఫాయిడ్. జడ తోకలా సన్నబడి, ఒకరోజు క్లిప్పులోకి వచ్చేస్తుంది. నాన్న పోయిన నెలలో కుడిచెవి పైన తెల్లపాయ మొదలవుతుంది. ఎక్కడ ఆపమన్నా ఆపి, ఇదిగో ఇక్కడే, అని చూపించగలను.