హెల్సింకిలో పడుకున్న చెట్టు

హెల్సింకి పక్కనున్న ఎస్పోలో ఉద్యోగం చేసే మా చెల్లెలు, "అన్నయ్యా, సుఓమెన్‌లిన్నా సముద్రకోట ఎక్కడికీ పోదు, ముందు కియాస్మాకి పద" అంది. రైల్వే స్టేషన్ నుంచి నడిచి వెళ్లేంత దూరమే. అమెరికన్ ఆర్కిటెక్ట్ స్టీవెన్ హోల్ డిజైన్ చేసిన ఈ సమకాలీన కళల మ్యూజియం 1998లో తెరిచారు. లోపలికి అడుగుపెట్టగానే వంపు తిరిగిన ర్యాంపు పైకి తీసుకెళ్తుంది.

మేం వెళ్లింది ఐయా-లీసా అహ్తిలా వీడియోల కోసం. 1959లో పుట్టిన ఫిన్లాండ్ కళాకారిణి. ఆమె 'ద హౌస్' (2002) నాకు ముందే తెలుసు: బయటి శబ్దాలు ఇంట్లోకి చొరబడుతుంటే ఒక స్త్రీ నల్ల పరదాలు కుట్టి కిటికీలు మూసేస్తుంది. మానసిక వ్యాధి అనుభవించిన స్త్రీలతో మాట్లాడి అల్లిన కథ అది. మూడు తెరల మీద నడుస్తుంది.

ఈసారి నన్ను కూర్చోబెట్టేసింది 2011 నాటి 'హారిజాంటల్'. గోడ పొడవునా వరసగా ఆరు తెరలు, ఆ ఆరింటి మీదా కలిపి సూదుల్లాంటి ఆకులుండే ఒకే ఒక్క స్ప్రూస్ చెట్టు, అడ్డంగా. కథ లేదు, మాటలు లేవు. గాలి హోరు, పిట్టల కూతలు, అంతే. మాది కోనసీమ. అడ్డంగా ఉన్న చెట్టంటే తుఫాను మర్నాడు పడిపోయిన కొబ్బరిచెట్టే గుర్తొస్తుంది. ఇక్కడ మాత్రం కొమ్మకొమ్మా ప్రాణంతో ఊగుతోంది. ఒక తెరలోని ఊపు పక్క తెరలోని ఊపుతో అంచు దగ్గర అచ్చంగా కలవదు. ఆ చిన్న తేడా నాకెంతో నచ్చింది, అతికినట్టు దాచిపెట్టలేదు కాబట్టి. మొదట్లో చెట్టు పక్కన ఉన్న మనిషిని గమనించనేలేదు. చెల్లెలు వేలు పెట్టి చూపిస్తే కనిపించింది, వేలెడంత ఆకారం.

అంత పెద్ద చెట్టును దూరం నుంచి తీస్తే అది చెట్టు కాదు, అడవి దృశ్యమైపోతుంది. వైడ్ లెన్స్ పెడితే ఆకారం వంగిపోతుంది. అందుకని ముక్కలుగా తీసి, పేర్చి, గదిలో పట్టేలా పడుకోబెట్టారు. మన కెమెరాలు మన కొలతకు చేసుకున్నవి. వాటికి తగ్గట్టు చెట్టును కుదించడానికి అహ్తిలా ఒప్పుకోలేదు. ఇది కేవలం టెక్నిక్ అని నేననుకోను, చెట్టుకు ఇచ్చిన మర్యాద.

మర్నాడు నూక్సియో నేషనల్ పార్కుకు బస్సెక్కాం. దారి పొడవునా బ్లూబెర్రీ పొదలు. అడవిలో పళ్లు కోసుకునే హక్కు ఇక్కడ అందరికీ ఉంది. ఒక పెద్ద స్ప్రూస్‌ను ఫోన్‌లో నిలువునా పట్టాలని చూశాను. దగ్గరికెళ్తే మొదలు, వెనక్కి వస్తే పక్క చెట్ల కొమ్మలు అడ్డం. చెల్లెలు వెళ్లి మొదలు పక్కన నిలబడి, "ఇప్పుడు తియ్యి" అంది. ఆమె మొత్తం వచ్చింది, చెట్టు మోకాలి దాకానే వచ్చింది.

సముద్రకోట చూడాల్సిన పూట మళ్లీ కియాస్మాకే వెళ్లాం.