తులసీ చక్రవర్తి: యాభై ఎనిమిదో ఏట హీరో

పాత బెంగాలీ సినిమాలు నాలుగైదు చూసినవాళ్లెవరైనా నటుడు తులసీ చక్రవర్తిని గుర్తుపడతారు. బట్టతల, గుండ్రటి పెద్ద కళ్లు, చిన్నపాటి బొజ్జ. పేరు మాత్రం చాలామందికి తెలియదు. 1899లో పుట్టారు. సినిమాల్లోకి వచ్చింది 1932లో. అంతకుముందే సర్కస్‌లో, ప్రెస్సులో పనిచేసి, కలకత్తా నాటకశాలల్లో పాట, తాళం, నటన నేర్చుకున్నారు. ఆయన వేషాలన్నిటికీ పునాది ఆ నాటకానుభవమే.

మూడు సినిమాలు వరసగా చూస్తే ఆయన పనితనం తెలుస్తుంది. మొదటిది 1953 నాటి ‘సాడే చుయాత్తర్’. బెంగాలీ తారలు ఉత్తమ్ కుమార్, సుచిత్రా సేన్ జంటగా తెరకెక్కిన తొలి సినిమాగా దానికి పేరు. కానీ కథను మోసేది మెస్ (అద్దెకుండేవాళ్లకు గది, భోజనం ఇచ్చే ఇల్లు) యజమాని రజనీబాబు వేషం వేసిన చక్రవర్తీ, ఆయన భార్యగా మలినా దేవీ. ఎవరిదో ప్రేమలేఖ ఆయన దగ్గర దొరుకుతుంది, భార్య అనుమానిస్తుంది. ఇలాంటి చోట చాలామంది నటులు నవ్వించాలని తొందరపడి ముందే ముఖం వంకర తిప్పేస్తారు. అలా చేస్తే సన్నివేశం చచ్చిపోతుంది. ఈయన రజనీబాబు కష్టాన్ని నిజం కష్టంగానే పడతారు, నవ్వు దానంతట అదే వస్తుంది.

రెండోది 1955 నాటి ‘పథేర్ పాంచాలి’. కిరాణా కొట్టే బడిగా నడిపే పంతులు. ఉన్నది కొన్ని నిమిషాలే. చెయ్యి సరుకు సంగతి చూస్తుంటుంది, నోరు డిక్టేషన్ చెబుతుంటుంది, చూపు పిల్లల మీద ఉంటుంది. మూడింటిలో ఏ ఒక్కటి తడబడినా పంతులు నకిలీ అయిపోయేవాడు. ఇక్కడ సబ్‌టైటిల్స్ చదువుతూ కూర్చుంటే అసలు సంగతి తప్పిపోతుంది. ఒకసారి కథ కోసం చూసి, రెండోసారి సబ్‌టైటిల్స్ తీసేసి ఆయన్నే చూడండి.

ఇవన్నీ పండినా ప్రధాన పాత్ర రావడానికి 1958 దాకా ఆగాల్సి వచ్చింది. రాజశేఖర్ బసు కథతో సత్యజిత్ రాయ్ తీసిన ‘పరశ్ పథర్’లో ఇనుమును బంగారం చేసే రాయి దొరికిన గుమాస్తా పరేశ్ దత్తా ఆయనే. టాక్సీలో పోతూ తన విగ్రహం నిలబెడతారని కలగనే ఘట్టం, పార్టీలో తాగి రాయి మహిమ చూపించే ఘట్టం, రెండూ తప్పక చూడాలి. పార్టీలో ఆయన గొప్పవాళ్ల మధ్య గొప్పవాడిలా నిలబడాలని చూస్తుంటే, లోపలి గుమాస్తా అడుగడుగునా బయటపడుతుంటాడు. పాతికేళ్లపాటు చిన్న వేషాల్లో గమనించి నేర్చిన గుమాస్తా నడక, గుమాస్తా బెదురు అక్కడ పనికొచ్చాయి.

హీరోగా చేశాక కూడా పరిశ్రమ ఆయనకు ఎక్కువగా ఇచ్చింది మళ్లీ చిన్న వేషాలే. ఆ వయసులో, ఆ ఆకారంలో ఉన్న మనిషి చుట్టూ కథ అల్లే నిర్మాతలు తక్కువ. నా దృష్టిలో అది బెంగాలీ సినిమా చేసుకున్న నష్టం. 1961 డిసెంబరులో చనిపోయారు.

మూడూ చూసే తీరిక లేకపోతే ‘పరశ్ పథర్’ ఒక్కటి చాలు. కానీ వీలుంటే ముందు ‘సాడే చుయాత్తర్’ చూసి దానికి వెళ్లండి. చిన్న వేషంలో ఆయన ఎంత దాచుకున్నారో అప్పుడే అర్థమవుతుంది.