అడుగుమరుపు: లేని లోకానికి ఒక నరాల జబ్బు

ఫాంటసీ కథల్లో నరాల జబ్బంటే చాలామంది ఉన్న లక్షణాలన్నీ ఒకే మనిషి మీద పడేస్తారు. చేతులు వణుకుతాయి, పేర్లు గుర్తుండవు, మాట తడబడుతుంది, చివర్లో పిచ్చి. అంతా పోయింది కాబట్టి పాఠకుడికి ఏదీ పోయినట్టు అనిపించదు. నాడీమండలంలో ఏ తీగ తెగితే ఆ దీపమే ఆరుతుంది. మాయని ఒక్కచోటే వాడుకోండి, కారణం దగ్గర. అక్కడి నుంచి శరీరం తన లెక్క ప్రకారమే నడవాలి.

ఒక జబ్బు కట్టి చూద్దాం. ఆ లోకంలో చీకట్లో వెలిగే రాయి ఉంది, వెలుగురాయి. దాన్ని సానపట్టేవాళ్లు ఏళ్ల తరబడి ఆ పొడి పీలుస్తారు. వాళ్లకి వచ్చేది అడుగుమరుపు. కల్పన ఇంతవరకే.

పాదం స్పర్శని మోసే నాడీకణం అసలు ఒళ్లు వెన్నుపాము పక్కనే ఉంటుంది. దాని పోగు మాత్రం కాలి బొటనవేలి దాకా సాగుతుంది, పెద్దవాళ్లలో సుమారు 1 మీటరు. ఆ చివరికి కావలసిన సరుకంతా కణం నుంచే వెళ్లాలి. అందులో వేగంగా వెళ్లేది కూడా రోజుకు 200 నుంచి 400 మిల్లీమీటర్లే. మన పొడి ఈ రవాణాని మందగింపజేస్తుంది అనుకుందాం. అప్పుడు అన్నిటికన్నా పొడుగాటి పోగుల కొసలు ముందు ఎండుతాయి. అందుకే జబ్బు రెండు పాదాల్లోనూ ఒకేసారి మొదలవుతుంది. తిమ్మిరి మోకాళ్ల దాకా ఎక్కేసరికి చేతివేళ్లకి అందుకుంటుంది. మధుమేహంలోనూ, చాలా రకాల విషాల్లోనూ నిజంగా కనిపించే వరస ఇదే. ఒకే పక్క చెయ్యీ కాలూ పడిపోవాలంటే అది వేరే జబ్బు. దానికి మామూలుగా మెదడులో ఒక పక్క దెబ్బ తగలాలి, అదీ ఎదురు పక్క.

ఇప్పుడు ఏ పోగులో తేల్చాలి. సన్నవి నొప్పినీ వేడినీ మోస్తాయి. లావువి మెత్తటి స్పర్శనీ, కంపాన్నీ, అవయవం ఎక్కడుందన్న కబురునీ మోస్తాయి. అడుగుమరుపుకి లావువి చాలు. రోగికి ముల్లు గుచ్చుకుంటే తెలుస్తుంది, కాళ్లలో బలం ఉంటుంది, పాదం ఎక్కడుందో మాత్రం తెలియదు. కళ్లతో చూసుకుంటూ కాళ్లు ఎడంగా వేసి, నేలని కొడుతున్నట్టు అడుగేస్తాడు. ముఖం కడుక్కోవడానికి వంగి కళ్లు మూసుకుంటే ముందుకు తూలిపడతాడు. ఇది కల్పన కాదు, సిఫిలిస్ అనే సుఖవ్యాధి వెన్నుపాముని దెబ్బతీసిన రోగుల్లో వైద్యులు గమనించిన సంగతే. చేతులకి పాకాక, సంచిలో చెయ్యి పెడితే తగిలింది నాణెమో గుండీయో చూడకుండా చెప్పలేడు. కళ్లు మూసి చేతులు చాపమంటే వేళ్లు వాటంతటవే పురుగుల్లా కదులుతుంటాయి.

మీ లోకంలోని వైద్యురాలికి యంత్రాలు అక్కర్లేదు. పాదాలు దగ్గరగా పెట్టి నిలబడమని, తర్వాత కళ్లు మూసుకోమనాలి. కళ్లు తెరిచి ఉన్నంతసేపు నిలబడి, మూయగానే ఊగితే, పాదం కబురు అందడం లేదని అర్థం. తెరిచి ఉన్నప్పుడే తూలితే చిన్నమెదడుని అనుమానించాలి. ఈ పరీక్ష తెలియని మేస్త్రీ, చీకటిపడ్డాక తూలే పనివాణ్ణి చూసి తాగొచ్చాడనుకుంటాడు. కథకి పనికొచ్చే అపార్థం ఇలాంటిదే.

ఎవరికి వస్తుందన్నదీ ముందే తేల్చుకోండి. పాపువా న్యూగినీలోని ఫోరే ప్రజల్లో కురు అనే మెదడు జబ్బు ఎక్కువగా ఆడవాళ్లకీ పిల్లలకీ వచ్చేది. చనిపోయినవాళ్ల మెదడుని అంత్యక్రియల్లో తిన్నది ఎక్కువగా వాళ్లే కాబట్టి. కొందరిలో అది, తిన్న 50 ఏళ్లకి పైగా గడిచాక బయటపడింది. అడుగుమరుపు కూడా సానపట్టేవాడికే ఆగిపోతుందా, పొడి అంటిన బట్టలు ఉతికే మనిషికీ వస్తుందా? దుమ్ముతో వచ్చే జబ్బుకి రెండోదే సహజం. ఇంకో చిక్కు ఏమిటంటే, చీకట్లో అడుగు వెయ్యలేనివాడికి రాత్రంతా వెలుతురు కావాలి. జబ్బు తెచ్చిన రాయే మంచం పక్కన ఉండాలి.

చాలా కథలు చెడేది వైద్యం దగ్గరే. మంత్రం చదవగానే లేచి పరుగెత్తడం నాకు నచ్చదు. మంత్రం పొడిని మాత్రమే లాగేయాలి, నరం తన వేగంతో తను పెరగాలి. కాళ్లూ చేతుల నరాల పోగులు మళ్లీ పెరిగేది రోజుకు సుమారు 1 మిల్లీమీటరు. మోకాలి నుంచి బొటనవేలి దాకా అర మీటరు అనుకున్నా ఏడాదికి పైనే పడుతుంది. అదీ కణం చావకుండా మిగిలితేనే.

ఇంకొకటి. బి6 విటమిన్ మోతాదు మించడం వల్ల వచ్చే నరాల దెబ్బలో, మాత్రలు ఆపాక కూడా కొన్ని వారాలు తిమ్మిరి పెరిగి తర్వాత తగ్గుముఖం పట్టడం ఉంది. అడుగుమరుపుకి ఈ గుణం ఇవ్వండి. వైద్యురాలు సాన మాన్పిస్తుంది, మూడు వారాలకి మనిషి ఇంకా దిగజారతాడు. పని చేసినన్నాళ్లూ నడిచాడు, మాన్పించాకే పడ్డాడు అని ఇంట్లోవాళ్లు ఆమె మీదే విరుచుకుపడి, అతన్ని తీసుకెళ్లి మళ్లీ సానరాయి ముందు కూర్చోబెడతారు.