స్కోర్‌కార్డు రాయడం నేర్చుకున్నాకే క్లెమెంటే అర్థమయ్యాడు

పిట్స్‌బర్గ్ అనగానే మనవాళ్లకు పెన్ హిల్స్‌లోని వేంకటేశ్వరస్వామి గుడి గుర్తొస్తుంది. ఉద్యోగం కోసం ఇక్కడికి వచ్చేవరకు నాకూ అంతే. వచ్చాక మాత్రం ఎటు చూసినా బేస్‌బాల్ ఆటగాడు రోబెర్టో క్లెమెంటే పేరే. నది మీది వంతెనకు అతని పేరు, పీఎన్‌సీ పార్క్ స్టేడియం బయట అతని విగ్రహం. లోపల రైట్ ఫీల్డ్ (బ్యాటర్ వైపు నుంచి చూస్తే మైదానం కుడి పక్క) గోడ ఎత్తు 21 అడుగులు, ఎందుకంటే అతని జెర్సీ నంబరు 21.

అంకెలు చదివాను. ఇక్కడి పైరేట్స్ జట్టుకు 18 సీజన్లు, 3,000 హిట్లు (బంతి కొట్టి క్షేమంగా బేస్ చేరడం), లీగ్‌లో అత్యధిక బ్యాటింగ్ సగటుకు దక్కే టైటిళ్లు నాలుగు, ఫీల్డింగ్‌కు ఇచ్చే గోల్డ్ గ్లవ్ వరుసగా 12 ఏళ్లు. క్రికెట్ చూస్తూ పెరిగాం కాబట్టి బ్యాటింగ్ గొప్పదనం తొందరగానే బుర్రకెక్కింది. రైట్ ఫీల్డ్‌లో నిలబడి అంత గొప్పగా ఏం చేశాడన్నది మాత్రం అంతుపట్టలేదు. ఆఫీసులో ఒక పెద్దాయన ఉన్నారు, క్లెమెంటే ఆట కళ్లారా చూసినవారు. ఆయన్ని అడిగితే, "స్కోరు నువ్వే రాయడం మొదలుపెట్టు, తెలుస్తుంది" అన్నారు. కాలేజీలో క్రికెట్ మ్యాచ్‌లకు స్కోరర్‌గా కూర్చున్నవాణ్నే కదా అని సరేనన్నాను.

ముందు నంబర్లు బట్టీ పట్టాలి. బంతి విసిరే పిచ్చర్ 1, బ్యాటర్ వెనక కూర్చునే క్యాచర్ 2, ఫస్ట్ బేస్ 3, సెకండ్ 4, థర్డ్ 5, సెకండ్, థర్డ్ బేస్‌ల మధ్య నిలబడే షార్ట్‌స్టాప్ 6, లెఫ్ట్ ఫీల్డ్ 7, సెంటర్ 8, రైట్ 9. ఇవి జెర్సీ నంబర్లు కావు, నిలబడే స్థానాలవి. ప్రతి బ్యాటర్‌కూ ఇన్నింగ్స్‌కొక గడి, గడిలో చిన్న డైమండ్, అంటే బ్యాటర్ పరుగు కోసం చుట్టి రావాల్సిన మూడు బేస్‌లు, అతను బయల్దేరే హోమ్ ప్లేట్ కలిసిన బొమ్మ. ఏ బేస్ దాకా వెళ్తే అక్కడిదాకా గీత గీస్తాం, చుట్టి హోమ్‌కు వచ్చేస్తే డైమండ్ మొత్తం నింపేస్తాం. బంతి కొట్టలేక మూడు స్ట్రైక్‌లతో ఔటైతే, అంటే స్ట్రైకౌట్ అయితే కె. బ్యాట్ ఊపకుండా నిలబడి ఔటైతే అదే కె తిరగేసి రాస్తాం. షార్ట్‌స్టాప్ అందుకుని ఫస్ట్ బేస్‌కు విసిరి ఔట్ చేస్తే 6-3. రైట్ ఫీల్డర్ క్యాచ్ పడితే ఎఫ్9.

మొదట్లో టెన్షనే టెన్షన్. బేస్‌ల మీద ఇద్దరుండగా హిట్ పడిందంటే మూడు గడులు ఒకేసారి మారతాయి, మనం తల ఎత్తేలోపు తర్వాతి పిచ్ పడిపోతుంది. ఆ పెద్దాయనే కిటుకు చెప్పారు. బంతి మళ్లీ పిచ్చర్ చేతికి చేరేదాకా పెన్సిల్ కదపకూడదు. ఆ తర్వాత అందరికంటే ముందున్న రన్నర్‌తో మొదలుపెట్టి బ్యాటర్ దాకా వెనక్కి రాసుకుంటూ రావాలి. ఈ వరస అలవాటయ్యాక చెయ్యి కుదిరింది.

అప్పుడు 1971 వరల్డ్ సిరీస్ (ఆ ఏటి ఛాంపియన్‌ను తేల్చే ఫైనల్ సిరీస్) వీడియోలు ముందేసుకున్నాను. పైరేట్స్‌కు ఎదురు బాల్టిమోర్ ఓరియోల్స్. ఆరో మ్యాచ్, మామూలుగా చివరిదైన తొమ్మిదో ఇన్నింగ్స్, స్కోరు 2-2. బాల్టిమోర్ ఆటగాడు మార్క్ బెలాంజర్ ఫస్ట్ బేస్ మీద ఉన్నాడు. డాన్ బ్యుఫర్డ్ కొట్టిన బంతి రైట్ ఫీల్డ్ మూలకు దూసుకుపోయింది. బెలాంజర్ హోమ్ చేరితే మ్యాచ్ అక్కడికక్కడే ఖతం. క్లెమెంటే బంతి అందుకుని, ఒళ్లంతా తిప్పి, అంత దూరం నుంచి హోమ్ ప్లేట్‌కు విసిరాడు. బెలాంజర్ థర్డ్ బేస్ దగ్గర ఆగిపోయాడు.

వీడియో ఆపి కార్డు రాశాను. బ్యుఫర్డ్ గడిలో డబుల్, అంటే రెండో బేస్ దాకా చేర్చిన హిట్. బెలాంజర్ గడిలో థర్డ్ బేస్ దాకా గీత. అంతే! ఔట్ లేదు, కాబట్టి అసిస్టూ (ఔట్‌కు తోడ్పడిన విసురుకు ఇచ్చే లెక్క) లేదు. మ్యాచ్‌ను కాపాడిన ఆ విసురుకు కార్డులో చోటే లేదు. పదో ఇన్నింగ్స్‌లో బాల్టిమోర్ ఎలాగూ 3-2తో గెలిచింది కాబట్టి ఫలితంలోనూ అది కనిపించదు. క్లెమెంటే రికార్డులో 266 అసిస్టులున్నాయి. అవన్నీ అతని చేతి మీద పరుగుకు తెగించినవాళ్ల లెక్క. అతని చేతిని చూసి ఆగిపోయినవాళ్ల లెక్క ఎవరి దగ్గరా లేదు. మైదానం దూరపు అంచున నిలబడే ఔట్‌ఫీల్డర్ అసలు విలువ ఆ లేని లెక్కలోనే ఉందని ఆ రాత్రి నాకు తెలిసింది.

ఆ చెయ్యి ఎక్కడిదా అని అతని జీవితం చదవడం మొదలుపెట్టాను. 1934లో ప్యూర్టోరికోలోని కరోలినాలో పుట్టాడు. తండ్రి చెరకు తోటల్లో మేస్త్రీ. పిల్లాడు హైస్కూల్లో జావెలిన్ విసిరేవాడు. 1954లో బ్రూక్లిన్ డాడ్జర్స్ జట్టు తీసుకుని మాంట్రియల్‌లోని తన కింది స్థాయి జట్టుకు పంపింది. అదే నవంబరులో పైరేట్స్ 4,000 డాలర్లకు అతన్ని ఎగరేసుకుపోయింది. ఆ శీతాకాలంలోనే కారు ప్రమాదంలో వెన్ను దెబ్బతింది, ఆ నొప్పితోనే ఇన్నేళ్లూ ఆడాడు. నొప్పి అంటే నటన అన్న విలేకరులు ఉన్నారు. అతని ఇంగ్లిష్‌ను యాసతో సహా అచ్చేసినవాళ్లూ ఉన్నారు. రోబెర్టో అని పిలవమంటే బాబ్ అని రాసేవారు. ఇది చదువుతుంటే నాకు కడుపు మండింది. మన యాస విని పక్కవాడు నవ్వుకుంటే ఎలా ఉంటుందో ఇక్కడ ఉద్యోగం చేసే తెలుగువాళ్లకు వేరే చెప్పక్కర్లేదు.

అందుకే ఆ సిరీస్ ముగింపు నాకు అంత ఇష్టం. ఏడో మ్యాచ్‌లో క్లెమెంటే హోమ్ రన్ కొట్టాడు, పైరేట్స్ 2-1తో గెలిచింది. .414 బ్యాటింగ్ సగటుతో సిరీస్‌లో ఉత్తమ ఆటగాడు అతనే. మైకు ముందుకు వచ్చాక ఇంగ్లిష్ కంటే ముందు స్పానిష్‌లో తల్లిదండ్రులతో మాట్లాడి, వాళ్ల ఆశీర్వాదం అడిగాడు. దేశమంతా చూస్తున్న టీవీలో!

1972 సెప్టెంబర్ 30న 3,000వ హిట్ కొట్టాడు. డిసెంబర్ 23న నికరాగువా రాజధాని మనాగ్వాలో భూకంపం వచ్చింది. పంపిన సాయం బాధితులకు చేరడం లేదని తెలిసి, 31న సామాన్లతో తనే విమానం ఎక్కాడు. మోయగలిగినదానికంటే ఎక్కువ బరువుతో బయల్దేరిన ఆ విమానం సాన్ హువాన్ దగ్గర సముద్రంలో కూలిపోయింది. అతనికి 38 ఏళ్లు. ఆట మానేశాక ఐదేళ్లు ఆగాలన్న నిబంధనను పక్కనపెట్టి 1973లోనే బేస్‌బాల్ మేటి ఆటగాళ్ల హాల్ ఆఫ్ ఫేమ్‌లో చేర్చారు.

నా కార్డుల్లో ఇప్పుడు సొంత గుర్తు ఒకటి పెట్టుకున్నాను. ఫీల్డర్ చేతికి జడిసి రన్నర్ ఆగితే, గీత చివర చిన్న అడ్డగీత, పక్కన ఆ ఫీల్డర్ నంబరు. రూల్ బుక్‌లో లేదు, అయినా రాస్తాను. మీరూ మొదలుపెట్టాలనుకుంటే హోమ్ ప్లేట్ వెనక పై వరుసల్లో టికెట్ తీసుకోండి. బంతి, ఫీల్డర్, రన్నర్ ఒకేసారి కనబడేది అక్కడినుంచే. పెన్సిల్ వెనక రబ్బరు ఉండేలా చూసుకోండి.