"ఏమేం వాయిస్తావు?" అని అడిగితే ఏం చెప్పాలో తెలుసుకోడానికి నాకు ఆరేళ్ళు పట్టింది

ఒక స్టూడియో నుంచి ఫోన్ వచ్చింది, అడిగింది ఒకటే మాట, "నువ్వు మాండొలిన్ కూడా వాయిస్తావంట కదా" అని. అప్పటికి నేను మాండొలిన్ పట్టుకుని గట్టిగా నాలుగు వారాలు, అదీ ఫ్రెండ్ దగ్గర అడిగి తెచ్చుకున్నది. వాయిస్తాను సార్ అనేశా. ఎనిమిది బార్లే (బార్ అంటే తాళంలో ఒక ఆవర్తనం లాంటిది), పల్లవి రెండోసారి వచ్చినప్పుడు వెనకాల ట్రెమొలో, అంటే ఒకే స్వరాన్ని గబగబా మీటుతూ సాగదీయడం, పడాలి, ఎల్లుండి పొద్దున్నే వచ్చెయ్ అన్నారు. ఆ రెండు రోజులు ఆ ఎనిమిది బార్లు తప్ప ఇంకేం వాయించలేదు నేను, ముందు సగం స్పీడ్‌లో, తర్వాత అసలు స్పీడ్‌లో, తర్వాత దానికంటే కొంచెం ఎక్కువ స్పీడ్‌లో, చివరికి కళ్ళు మూసుకుని. వెళ్ళాక మూడో టేక్ ఓకే అయింది. అక్కడ వాళ్ళకి కావాల్సిందల్లా ఆ ఎనిమిది బార్లు శృతిలో, క్లిక్ మీద (హెడ్‌ఫోన్‌లో వినపడే తాళం టిక్ టిక్), శుభ్రంగా పడటం, నాకు మాండొలిన్ మొత్తం ఎంత వచ్చో ఎవరూ అడగలేదు. సెషన్ ప్లేయర్‌గా, అంటే వేరేవాళ్ళ పాటల రికార్డింగ్‌కి పిలిస్తే వెళ్ళి వాయించేవాడిగా, నా పని అలా మొదలైంది.

దానికి ముందు పదకొండేళ్ళు గిటార్ ఒక్కటే. గిటార్ వాయించేవాళ్ళు ఎక్కడైనా బోలెడంత మంది ఉంటారు, అందులో నాకంటే బాగా వాయించేవాళ్ళే ఎక్కువ. కానీ ఒకే మనిషి వచ్చి గిటార్ ట్రాక్ ఇచ్చి, అదే కూర్చోవడంలో బేస్ కూడా వేసి, మధ్యలో ఉకులేలే (నాలుగు తీగల చిన్న గిటార్ లాంటిది) ఒక చిన్న బిట్ ఇచ్చి వెళ్తే అరేంజర్‌కి, అంటే పాటలో ఏ వాద్యం ఎక్కడ ఏం వాయించాలో కూర్చేవాళ్ళకి, ఎంత టైమ్ కలిసొస్తుందో స్టూడియోలో కూర్చుంటే తెలుస్తుంది. ఇదేం కొత్త సంగతి కాదు, పాశ్చాత్య దేశాల్లో మ్యూజికల్ నాటకాలకి వాయించే ఆర్కెస్ట్రాల్లో ఒకే మనిషి ఫ్లూట్, క్లారినెట్, శాక్సఫోన్ మార్చి మార్చి వాయించడం ఎప్పటినుంచో ఉంది, దాన్ని డబ్లింగ్ అంటారు, అమెరికాలో మ్యుజీషియన్స్ యూనియన్ ఒప్పందాల్లో అలా అదనంగా పట్టుకునే వాద్యానికి అదనపు డబ్బు కూడా రాసి ఉంటుంది. ఇది తెలిసిన రోజు నాకు చాలా ధైర్యం వచ్చింది, ఇది కూడా ఒక విద్యే, దీనికీ ఒక పేరుంది అని.

తీగల వాద్యాలు ఒకదాన్నుంచి ఒకదానికి ఎలా వెళ్ళానో కొంచెం వివరంగా చెప్తా, ఎందుకంటే గిటార్ వచ్చినవాళ్ళకి ఇది నిజంగా పనికొస్తుంది. గిటార్ ట్యూనింగ్ మందం తీగ నుంచి సన్న తీగకి ఈ, ఏ, డి, జి, బి, ఈ (ఇవి ఇంగ్లీష్ అక్షరాలతో స్వరాల పేర్లు). ఇందులో చివరి నాలుగు తీగలు తీసుకుని ఐదో ఫ్రెట్ (మెడ మీద అడ్డంగా ఉండే లోహపు గీత) దగ్గర క్యాపో, అంటే తీగలన్నిటినీ కలిపి నొక్కిపట్టే క్లిప్, పెట్టండి, జి, సి, ఈ, ఏ వస్తుంది, అదే ఉకులేలే. అంటే మీకొచ్చిన గిటార్ కార్డ్స్ (కొన్ని స్వరాలు కలిపి ఒకేసారి మోగించడం) ఆకారాలు అక్కడ అలాగే పనిచేస్తాయి, పేర్లే మారతాయి, గిటార్‌లో డి పట్టుకున్న ఆకారం అక్కడ జి అవుతుంది. ఒక్క తేడా ఏంటంటే మామూలు ఉకులేలేలో ఆ జి తీగ ఒక స్థాయి పైన ఉంటుంది, అందుకే దాని స్ట్రమ్మింగ్‌కి ఆ గలగల, దాని మీద బేస్ లైన్ వెతుక్కుంటే దొరకదు. బేస్ గిటార్ ఇంకా దగ్గర, గిటార్ మందం నాలుగు తీగలే, ఒక స్థాయి తక్కువలో, ఈ, ఏ, డి, జి. ఇప్పుడు దాన్ని తలకిందులు చెయ్యండి, జి, డి, ఏ, ఈ, అది మాండొలిన్, అదే వయొలిన్ కూడా. నాకు ఈ సంగతి తట్టిన రాత్రి నిద్ర పట్టలేదు నిజంగా, గిటార్ మందం తీగల మీద నాకొచ్చిన ఆకారాలన్నీ అద్దంలో చూసినట్టు తిప్పి వాయిస్తూ కూర్చున్నా.

మాండొలిన్‌ని గిటార్ ట్యూనింగ్‌లోకి మార్చేసుకుంటే పోలా అని చాలామంది అడుగుతారు. టామీ టెడెస్కో అని అమెరికాలో వేల సెషన్లు వాయించిన గిటారిస్ట్, ఆయన రకరకాల తీగల వాద్యాలు చేతికొస్తే వాటిని గిటార్‌లాగే శృతి చేసుకుని పని ముగించేవాడు, ఆయన చెవీ ఆయన చెయ్యీ అలాంటివి. నేనూ ఓ నెల అలా చేసి చూశా. ఫోటోలో మాండొలిన్, వినికిడిలో చిన్న గిటార్. ఆ వాద్యం గొంతు సగం దాని ట్యూనింగ్‌లోనే ఉంటుంది, పంచమం దూరంలో ఉన్న తీగలు ఖాళీగా మోగుతుంటే వచ్చే ఆ వెడల్పు గిటార్ ట్యూనింగ్‌లో రాదు. ఇది నా అభిప్రాయమే, కానీ నాకు గట్టి అభిప్రాయం. కష్టమైనా అసలు ట్యూనింగ్‌లోనే నేర్చుకోండి.

ఇంకోటి, మాండొలిన్‌కి ఎనిమిది తీగలు, రెండేసి ఒకే స్వరంలో. ఆ జతలో ఒకటి వెంట్రుకవాసి జారినా మైకు పట్టేస్తుంది, అలలు అలలుగా వణుకుతుంది. మొదటి ఏడాది నేను ప్రతి టేక్‌కీ మధ్య శృతి చూసుకుంటుంటే టైమ్ వేస్ట్ చేస్తున్నాను అనుకుంటారేమో అని భయపడేవాణ్ణి. ఒకసారి రికార్డింగ్ ఇంజినీర్ అన్న టాక్‌బ్యాక్‌లో (అవతలి గదిలోంచి మాట్లాడే మైకు) "తమ్ముడూ, నువ్వు శృతి చేసుకున్న రెండు నిమిషాలు నాకు తర్వాత రెండు గంటలు మిగుల్తాయి, నిదానంగా చేసుకో" అన్నాడు. ఆ భయం ఆరోజుతో పోయింది.

బేస్ నాకు అన్నిటికంటే ఆలస్యంగా వచ్చింది, సులువు అనుకోవడం వల్లే. తీగలు తెలుసు, ఫ్రెట్లు తెలుసు, ఇంకేం ఉంది అనుకుని ఏడాది పాటు బేస్ మీద గిటారే వాయించాను. ట్రాక్‌లో పెట్టి వింటే ఎక్కడో ఇరుగ్గా ఉండేది, ఎందుకో అర్థమయ్యేది కాదు. స్వరం ఎప్పుడు మొదలవుతుందో చూసుకునేవాణ్ణి గానీ ఎప్పుడు ఆగుతుందో చూసుకునేవాణ్ణి కాదు. డ్రమ్స్‌లో స్నేర్ దెబ్బ పడే క్షణానికి బేస్ ఆగితే పాట ఒక రకంగా నడుస్తుంది, దాని మీద నుంచి సాగితే ఇంకో రకంగా నడుస్తుంది, అదే నోటు, అదే టెంపో. దీనికి నేను చేసిందల్లా నాలుగు నెలలు మెట్రోనోమ్‌తో ఒకే స్వరం, కుడిచేత్తో మొదలు, ఎడమచేత్తో ఆపడం. బోర్ కొట్టింది, కానీ పని చేసింది. కరోల్ కే గారు గుర్తొచ్చేవారు, ఆవిడ కూడా గిటారిస్టే, 1963లో ఒక సెషన్‌కి బేస్ వాయించాల్సిన మనిషి రాకపోతే బేస్ అందుకున్నారు, ఆ తర్వాత ఆ కాలపు అమెరికన్ పాటల్లో ఎన్నిట్లోనో వినిపించే బేస్ ఆవిడదే. తీగల సంగతి కూడా బేస్‌లో వేరు. అకూస్టిక్ గిటార్‌కి సెషన్ ముందు రోజు కొత్త తీగలు వేస్తా, బేస్‌కి మాత్రం పాతవే ఉంచుతా, అమెరికాలో మోటౌన్ అనే రికార్డు కంపెనీ బేసిస్ట్ జేమ్స్ జేమర్సన్ తెగితే తప్ప తీగలు మార్చేవాడు కాదంటారు, పాత తీగల ఆ మెత్తటి గుండ్రని శబ్దం విన్నాక నాకూ అదే నచ్చింది.

ఇప్పుడు వయొలిన్ సంగతి. చెప్పడానికి ఇప్పటికీ కష్టంగానే ఉంది. మాండొలిన్ ట్యూనింగే కదా, ఎడమచేతికి దారి తెలుసు కదా అని మొదలుపెట్టి మూడు నెలలైంది, ఇంతలో ఒకరు వయొలిన్ వస్తుందా అనడం, నేను వస్తుంది అనడం. ఎడమచెయ్యి దారి తెలుసు అనుకున్నా గానీ ఫ్రెట్లు లేని చోట వేలు ఒక మిల్లీమీటరు అటూ ఇటూ అయితే శృతి పోతుంది, పైగా వయొలిన్‌లో అసలు విద్య కుడిచేతిది, కమాను. నాకు కమాను చెయ్యి లేదు. గంటన్నర వాయించాను, స్టూడియో అద్దం అవతల నలుగురు కూర్చుని ఉన్నారు, ఎవరూ ఒక్క మాట కూడా కటువుగా అనలేదు, అదే ఎక్కువ బాధ. చివరికి వాళ్ళు వయొలిన్ ఆవిడ ఒకరిని పిలిచారు, ఆవిడ సాయంత్రం వచ్చి నొటేషన్ ఒకసారి చూసుకుని ఒకే టేక్‌లో వాయించేసింది. నేను అక్కడే కూర్చుని విన్నాను. ఇరవై ఏళ్ళ సాధన అది, వినగానే తెలుస్తుంది. ఆ రోజు నా డబ్బు నేను తీసుకోలేదు, అక్కణ్ణుంచి మళ్ళీ నాకు పిలుపు రావడానికి ఏడాది పైనే పట్టింది.

అప్పటి నుంచీ నా దగ్గర మూడు జవాబులున్నాయి. వచ్చు. ఈ పాటకి సరిపడా వచ్చు, ముందు ట్రాక్ పంపండి, విని చెప్తా. రాదు, వచ్చినవాళ్ళ నంబర్ ఇస్తా. మూడో జవాబు చెప్తే పని పోతుంది అనుకునేవాణ్ణి, కానీ ఆ జవాబు విన్నవాళ్ళే నాకు ఎక్కువసార్లు మళ్ళీ ఫోన్ చేశారు, ఎందుకంటే నేను వచ్చు అంటే వచ్చినట్టే అని వాళ్ళకి తెలుసు. వయొలిన్ నా లిస్ట్‌లోంచి తీసేశాను, ఇంట్లో నాకోసం వాయించుకుంటా.

చదవడం గురించి కూడా చెప్పాలి. స్టాఫ్ నొటేషన్ (ఐదు గీతల మీద స్వరాలు రాసే పద్ధతి) నాకు ఇప్పటికీ నిదానమే, కానీ ఎక్కువ పనులకి కార్డ్ చార్ట్, అంటే ఏ బార్‌లో ఏ కార్డ్ అని రాసిన కాగితం, ఇస్తారు, దానికి అంకెల పద్ధతి ప్రాణం. అమెరికాలో నాష్‌విల్ స్టూడియోల్లో 1950ల్లో మొదలైంది, కార్డ్స్ పేర్లు రాయకుండా స్కేల్‌లో ఎన్నో స్వరమో ఆ అంకె రాస్తారు, 1, 4, 5, 6 మైనర్ ఇలా. సింగర్ గొంతుకి సరిపోలేదని స్కేల్ ఒక మెట్టు దించితే కాగితం మార్చక్కర్లేదు. సరిగమలు నేర్చుకున్నవాళ్ళకి ఇది అసలు కొత్తే కాదు, స ఎక్కడ పెట్టుకుంటే అక్కణ్ణుంచే లెక్క, 1, 4, 5 అంటే స, మ, ప. ఆ పద్ధతిని అక్కడ బాగా వ్యాప్తిలోకి తెచ్చినవాళ్ళలో చార్లీ మెకాయ్ ఒకరు, ఆయన హార్మోనికా, గిటార్, బేస్, ట్రంపెట్ అన్నీ సెషన్లలో వాయించారు, 2009లో కంట్రీ మ్యూజిక్ హాల్ ఆఫ్ ఫేమ్‌లోకి తీసుకున్నారు. వాద్యాలు ఎక్కువ పట్టేవాళ్ళకి అంకెలు ఇంకా ముఖ్యం ఎందుకంటే ప్రతి వాద్యంలో వేళ్ళ ఆకారం వేరు, కానీ 4 ఎక్కడైనా 4 లాగే వినిపిస్తుంది, చెవి దాన్ని పట్టుకుంటే చెయ్యి వెతుక్కుంటుంది.

మణికట్టు నొప్పి మూడో ఏడు మొదలైంది. బేస్ మీద తీగ పొడవు దాదాపు 86 సెంటీమీటర్లు, మాండొలిన్‌ది 35, ఉదయం ఒకటి మధ్యాహ్నం ఒకటి పట్టుకుంటే చేతికి రోజుకి రెండు వేరు వేరు పనులు. ఆరు వారాలు ఏమీ ముట్టుకోకుండా ఆగాల్సి వచ్చింది, ఫిజియోథెరపీ చేయించుకున్నా, ఇప్పుడు పెద్దదాన్నుంచి చిన్నదానికి మారేటప్పుడు కనీసం పది నిమిషాలు గ్యాప్ లేకుండా చెయ్యను, ఎవరు తొందరపెట్టినా సరే.

ఇప్పుడు సగం పైగా పని ఇంటి నుంచే, ఫైల్స్ పంపడమే. ఇక్కడ పెద్ద రహస్యాలేం లేవు, వాళ్ళు అడిగిన శాంపుల్ రేట్‌లో, మామూలుగా 48 కిలోహెర్ట్జ్ 24 బిట్, ప్రతి ఫైల్ పాట మొదటి బార్ నుంచే మొదలవ్వాలి మీరు వాయించింది చివరి పది సెకన్లే అయినా, ఎఫెక్ట్స్ వెయ్యకుండా ఇవ్వండి, ఫైల్ పేరులో వాద్యం పేరు, టెంపో ఉండాలి. వాయించేటప్పుడు బఫర్, అంటే కంప్యూటర్ శబ్దాన్ని ఒక్కోసారి ఎంత ముక్కగా తీసుకుంటుందో ఆ సైజు, తగ్గించుకోండి, 48 కిలోహెర్ట్జ్‌లో 256 శాంపుల్స్ అంటే ఒకవైపుకే ఐదు మిల్లీసెకన్లు పైన ఆలస్యం, వినపడదు అనుకుంటాం గానీ చెయ్యి మాత్రం దానికోసం వెనక్కి జరుగుతుంది. క్రెడిట్ సంగతి, డబ్బు సంగతి మొదటి ఫైల్ పంపే ముందే రాతపూర్వకంగా అడగండి. ఒక పాటలో నేను వాయించిన నాలుగు వాద్యాలకి "ప్రోగ్రామింగ్" అని ఇంకొకరి పేరు పడింది, అడగడానికి నా దగ్గర ఒక్క మెసేజ్ కూడా లేదు, అన్నీ ఫోన్‌లో మాటలే. ఆ తర్వాత నుంచి ఏ తేదీన ఏ పాటకి ఏం వాయించానో ఒక నోట్‌బుక్‌లో రాసి పెడుతున్నా.

ఈ నెల ఇంట్లో అకార్డియన్ ఉంది, అద్దెకి తెచ్చా. దీని శృతి మనం మార్చలేం, అందుకని ముందే చూసుకున్నా, దీని ఏ స్వరం మామూలుగా ఉండే 440 హెర్ట్జ్ కాదు 442, మిగతా వాద్యాలే దీనికి రావాలి, ఆ మాట అరేంజర్‌కి చెప్తే సెషన్ మొత్తం దానికి తగ్గట్టు పెట్టుకున్నాడు. ఎడమవైపు బేస్ బటన్లు కంటికి కనపడవు, సి బటన్ మీద చిన్న గుంట ఉంటుంది, వేలు దాన్ని తడిమి పట్టుకోవాలి, దాని పైనది జి, కిందిది ఎఫ్. చీకట్లో మొదటిసారి ఆ గుంట వేలికి తగిలినప్పుడు పైన 5, కింద 4, మధ్యలో 1, మళ్ళీ అవే అంకెలు, ఎంత సంతోషమేసిందో. తిత్తి ఎక్కడ లాగాలో ఎక్కడ నొక్కాలో కాగితం మీద బాణాలు వేసుకున్నా. కుడిచేత్తో పదహారు బార్లు, అది ఈ పాటకి సరిపడా వచ్చు. ఎడమచెయ్యి ఇంకా రాదు, ఆ భాగం బేస్ గిటార్ మీద ఇస్తాను అని ముందే చెప్పాను. సరే అన్నారు. గురువారం సెషన్.