మాంట్‌గోమరీలో ఒక న్యాయమూర్తి

అలబామా రాజధాని మాంట్‌గోమరీలోని పాత గ్రేహౌండ్ బస్ స్టేషన్ ఇప్పుడు మ్యూజియంగా ఉంది. 1961 మే 20న నల్లజాతి, తెల్లజాతి యువకులు కలిసి ప్రయాణించిన బస్సు అక్కడ ఆగినప్పుడు, వారిపై విరుచుకుపడిన గుంపును ఆపడానికి పోలీసులు లేరు. దాని పక్కనే ఉన్న ఫెడరల్ కోర్టు భవనానికి తర్వాతి కాలంలో ఫ్రాంక్ ఎం. జాన్సన్ పేరు పెట్టారు. అట్లాంటా నుంచి మాంట్‌గోమరీ కారులో రెండున్నర గంటల ప్రయాణం కనుక నేను రెండుసార్లు వెళ్లాను. రెండోసారి తిరిగి వస్తున్నప్పుడు మ్యూజియం కంటే ఆ పక్క భవనమే ఎక్కువగా గుర్తుకు వచ్చింది.

జాన్సన్ 1918లో అలబామా ఉత్తరాన కొండ ప్రాంతమైన విన్‌స్టన్ కౌంటీలో పుట్టారు. బానిసలు పెద్దగా లేని చిన్న రైతుల ప్రాంతం అది. అంతర్యుద్ధ కాలంలో రాష్ట్రం విడిపోవడాన్ని వ్యతిరేకించింది, డెమొక్రాట్ల కంచుకోటగా మారిన రాష్ట్రంలో రిపబ్లికన్లకు ఓటు వేస్తూ వచ్చింది. అలబామా విశ్వవిద్యాలయంలో ఆయనతో కలిసి న్యాయశాస్త్రం చదివిన వారిలో, తర్వాత జాతి విభజన సమర్థకుడిగా పేరుమోసిన జార్జ్ వాలస్ ఒకరు. జాన్సన్ సైన్యంలో చేరి నార్మండీలో గాయపడ్డారు, తిరిగి వచ్చి వకాల్తు చేశారు, ఫెడరల్ ప్రాసిక్యూటర్ అయ్యారు. 1955 అక్టోబరులో అధ్యక్షుడు ఐసెన్‌హోవర్ ఆయనను మాంట్‌గోమరీలో ఫెడరల్ జిల్లా న్యాయమూర్తిగా నియమించేనాటికి ఆయనకు ముప్పై ఏడేళ్లు నిండబోతున్నాయి. నెలన్నర తిరగకముందే అదే ఊళ్లో నల్లజాతి స్త్రీ రోసా పార్క్స్ బస్సులో తెల్లవారికి సీటు వదలనందుకు అరెస్టయ్యారు.

చాలామంది అనుకునేట్టు బస్సుల్లో వివక్షను రద్దు చేయించిన దావాలో వాది రోసా పార్క్స్ కాదు. అరీలియా బ్రౌడర్‌తో పాటు మరో ముగ్గురు స్త్రీలు వేసిన దావా అది. ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనంలో జాన్సన్, రిచర్డ్ రైవ్స్ ఒక పక్షాన, మూడో వ్యక్తి మరో పక్షాన నిలవగా 1956 జూన్‌లో తీర్పు వెలువడింది. నవంబరులో సుప్రీంకోర్టు దాన్ని ఖరారు చేసింది. ఆ తీర్పుతో జాన్సన్ దంపతులు తమ ఊళ్లోనే వెలివేసినవారి లాగా బతకవలసి వచ్చింది. ఇంటి ముందు శిలువను తగలబెట్టారు, బెదిరింపు ఉత్తరాలకు లెక్కలేదు, 1967లో ఆయన తల్లి ఇంటి మీద బాంబు వేశారు. అదృష్టవశాత్తు ఆమెకు ఏమీ కాలేదు.

వాలస్‌తో ఆయన తగువు మాత్రం నాటకానికి పనికివచ్చేంత బాగుంటుంది. 1958 చివరలో, రాష్ట్రంలో న్యాయమూర్తిగా ఉన్న వాలస్ ఓటర్ల నమోదు దస్తావేజులను ఫెడరల్ ప్రభుత్వపు పౌరహక్కుల కమిషన్‌కు ఇవ్వనని భీష్మించారు. ఇవ్వమని ఆదేశించినవారు పాత సహాధ్యాయి జాన్సనే. జైలుకు వెళితే వీరుడిననిపించుకోవచ్చు, కానీ జైలు కష్టాలు ఎవరికి కావాలి? వాలస్ ఆ కాగితాలను చాటుగా గ్రాండ్ జ్యూరీల (నేరారోపణలను పరిశీలించే పౌర బృందాల) ద్వారా అందజేయించి, బయట మాత్రం ధిక్కరించానని చెప్పుకున్నారు. జాన్సన్ శిక్ష వేయలేదు. వాలస్ దొడ్డిదారిన ఆదేశాన్ని పాటించారు కనుక ధిక్కార నేరం నిలవదని నిర్దోషిగా వదిలేశారు. అంతకంటే పెద్ద అవమానం వాలస్‌కు మరొకటి ఉండి ఉండదు. జాన్సన్‌ను అబద్ధాలకోరని తిడుతూ ప్రచారం చేసే ఆయన 1962లో గవర్నర్ పదవికి గెలిచారు.

పౌరహక్కుల వీరుడన్న బిరుదు జాన్సన్‌కు అతకదని నాకనిపిస్తుంది. అలబామాలోని టస్కీగీ పట్టణ సరిహద్దును నల్లజాతి ఓటర్లు బయటపడేట్టు ఇరవై ఎనిమిది భుజాల ఆకారంలోకి మార్చినప్పుడు, అందులో జోక్యం చేసుకునే అధికారం కోర్టుకు లేదని ఆ కేసును కొట్టివేసింది ఆయనే. 1960లో సుప్రీంకోర్టు ఆ తీర్పును తిప్పికొట్టింది. బస్సుల్లో వచ్చిన యువకులపై దాడి జరిగాక కూ క్లక్స్ క్లాన్ అనే తెల్లజాతి దురహంకార సంస్థలకు నిషేధాజ్ఞలు ఇచ్చి, ఆ యాత్రలకు కూడా తాత్కాలికంగా అడ్డుకట్ట వేశారు. 1965 మార్చిలో ఓటు హక్కు కోసం సెల్మా నుంచి మాంట్‌గోమరీకి బయలుదేరిన ఊరేగింపును వంతెనపై పోలీసులు చితకబాదిన తర్వాత కూడా, విచారణ ముగిసేదాకా నడవవద్దనే ముందుగా ఉత్తర్వు ఇచ్చారు. తర్వాత రోజుల తరబడి సాక్ష్యాలు విని, మార్చి 17న ఇచ్చిన తీర్పులో, జరిగిన అన్యాయం ఎంత పెద్దదో నిరసన తెలిపే హక్కు అంత విస్తృతంగా ఉండాలన్నారు. హైవేపై నడవడానికి అనుమతించారు, కానీ రహదారి రెండు వరుసలకు కుదించుకుపోయే చోట మూడు వందల మందికి మించకూడదని షరతు పెట్టారు. సూత్రం అంత ఎత్తున చెప్పి, ఆ వెంటనే రోడ్డు వెడల్పును లెక్కించిన తీరులోనే ఆయన నాకు కనిపిస్తారు.

ఆ లెక్కించే అలవాటు 1970ల్లో పూర్తిగా బయటపడింది. టస్కలూసాలోని బ్రైస్ మానసిక చికిత్సాలయంలో ఐదు వేల మందికి పైగా రోగులు చికిత్స పేరుతో బందీలుగా ఉన్నారు. రికీ వాయట్ అనే రోగి పేరున నడిచిన కేసులో, మనిషిని చికిత్స కోసం నిర్బంధించి చికిత్స చేయకపోవడం రాజ్యాంగ విరుద్ధమని జాన్సన్ 1971లో తేల్చారు. మరుసటి ఏడాది ఉత్తర్వులో గదికి ఆరుగురికి మించకూడదని, ఎనిమిది మందికి ఒక మరుగుదొడ్డి ఉండాలని కూడా రాశారు. 1976లో అలబామా జైళ్ల గురించీ అలాంటి ఉత్తర్వే ఇచ్చారు. న్యాయమూర్తి మరుగుదొడ్లు లెక్కపెట్టడమేమిటని ఎగతాళి చేసినవారున్నారు. ఆ విమర్శలో కొంత పస ఉందనే అనుకుంటాను, ఎందుకంటే ఆసుపత్రి నడపడం కోర్టు పని కాదు. కానీ ఎవరి పనో వారు చేయనప్పుడు తలుపు తట్టడానికి రోగులకు మరో గడప లేదు.

ఇక్కడే సుదీర్ఘ పదవీకాలం విలువ తెలుస్తుంది. మన హైకోర్టుల్లో న్యాయమూర్తికి 62 ఏళ్లకు విరమణ, అంతకు ముందే బదిలీ కావచ్చు, రోస్టరు మారితే కేసు మరో బెంచికి పోతుంది. అమెరికా ఫెడరల్ న్యాయమూర్తికి విరమణ వయసే లేదు. రాష్ట్ర ప్రభుత్వం ఎన్ని వాయిదాలు కోరినా ఎదురుగా కూర్చున్నది అదే మనిషి, పోయినసారి చెప్పిన సాకు గుర్తున్న మనిషి.

1977లో అధ్యక్షుడు కార్టర్ ఆయనను ఎఫ్‌బీఐ అధిపతి పదవికి ఎంపిక చేశారు కానీ అనారోగ్యం వల్ల జాన్సన్ తప్పుకున్నారు. 1979లో అప్పీళ్ల కోర్టుకు వెళ్లారు, 1999 జులైలో మరణించారు. జిల్లా కోర్టులో ఆయన ఖాళీ చేసిన స్థానంలో కార్టర్ నియమించిన వ్యక్తి మైరన్ థాంప్సన్, నల్లజాతీయుడు, పుట్టింది టస్కీగీలోనే. పట్టణ సరిహద్దును మార్చిన 1957లో ఆయనకు పదేళ్లు. జాన్సన్ చేతుల్లో మొదలైన వాయట్ కేసును, ముప్పై మూడేళ్ల తర్వాత 2003 డిసెంబరులో, రాష్ట్రం ఎట్టకేలకు ఆదేశాలను పాటించిందని రాసి మూసివేసింది ఆయనే.